ఒక్కపొద్దు విడిచిన వేళ

చేతులకు బేడీలు పడ్డా ఓదెత్ మసాబ్కీ అలవాటు మానలేదు. చర్చి గుమ్మం ఎక్కగానే ఒక అడుగు పక్కకు జరిగి, వెనక వచ్చేవాళ్లకు దారి వదిలి, గొంతు సవరించుకుని మొదలుపెట్టింది.

"ఇది అర్మేనియన్ కాథలిక్కులది. ఎడమ పక్క బలిపీఠం చూడండి. ఇక్కడ మెట్టు జాగ్రత్త, చాలామంది తట్టుకుంటారు."

జాగ్రత్త చెప్పింది టూరిస్టులకు కాదు. తనను హంతకురాలిగా నడిపించుకు తిరుగుతున్న ఇద్దరు పోలీసు అధికారులకూ, ఒక జైలు కానిస్టేబులుకూ. ఇన్‌స్పెక్టర్ సౌసన్ ఇతానీ మెట్టు చూసుకుని దిగింది. మేజర్ కమీల్ తట్టుకున్నాడు.

"ఏమమ్మా, సర్కారు ఖర్చుతో మాకు పుణ్యయాత్ర చేయిస్తున్నావా?" అన్నాడు మేజర్, బూటు దులుపుకుంటూ.

"అదే దారిలో తీసుకెళ్లమన్నారు కదా బాబూ," అంది ఓదెత్. ఆమె గొంతులో వెటకారం లేదు. అసలు ఏమీ లేదు.

నిరుడు మార్చి చివర్లో ఒక సోమవారం ఆమె ఇదే దారిలో ఫాస్తో జఖూర్ అనే పెద్దాయన్ని తిప్పింది. ఆయన తాత ఈ బేరూత్ నగరం వదిలి బ్రెజిల్ వెళ్లిపోయినవాడు. మనవడు ముసలితనంలో తాత ఊరి కాథలిక్కు చర్చీలన్నీ చూద్దామని వచ్చి, ఒక రోజుకు ఓదెత్‌ని గైడుగా కుదుర్చుకున్నాడు. నాలుగు చర్చీలు చూశాడు. ఐదోదాన్లో పాటగాళ్లు నిలబడే పాటల మేడ మీంచి పడి చచ్చిపోయాడు. నాలుగు రోజుల తర్వాత ఓదెత్, తనే తోసేశానని కాగితం మీద సంతకం పెట్టింది. అప్పట్నుంచీ జైల్లోనే ఉంది. నేరం జరిగిన తీరును నేరస్థురాలి చేతే మళ్లీ నడిపించి చూసే తంతు ఒక్కటే మిగిలింది. ఇవాళ లెక్క కుదిరిందంటే రేపు విచారణ జడ్జి సంతకం చేస్తాడు. అరవయ్యో ఏట ఆమెకు యావజ్జీవం పడుతుంది.

కేసు నడిపింది కమీల్. ఎందుకో జడ్జికి మనసొప్పక, ఇంకో జత కళ్లు ఉండాలని సౌసన్‌ని పంపాడు. ఆ సంగతి మేజరుకు గొంతులో ముల్లులా ఉంది.

"మూసేసిన కేసు ఇన్‌స్పెక్టరమ్మా ఇది," అన్నాడు, జేబులోంచి వేయించిన గుమ్మడి గింజలు తీసి ఒకటి కొరుకుతూ. "నేను వేలు కూడా ఎత్తలేదు. తనంతట తనే ఒప్పుకుంది. కావాలంటే అడుగు."

సౌసన్ అడిగింది. "కొట్టారా మదామ్?"

"లేదు తల్లీ. కాఫీ ఇచ్చారు. పన్నెండు దాటాక ఇమ్మంటే పన్నెండు దాటాకే ఇచ్చారు. మర్యాదగానే చూశారు."

"మరి తోశానని ఎందుకు ఒప్పుకున్నారు?"

"పెద్దాయన నన్ను నమ్మి వచ్చాడు. పిట్టగోడ పొట్టిదని తెలిసి కూడా ఒంటరిగా వదిలేసి తిండికి వెళ్లాను. తిరిగొచ్చేసరికి పోయాడు. తోశావా అన్నారు. తోసినా వదిలేసినా ఆయనకొకటేగా అనిపించింది. సంతకం పెట్టాను."

ఆ ముఖం సౌసన్‌కు తెలుసు. రోజూ అద్దంలో చూస్తున్న ముఖమే. ఊరి ఓడరేవులో పేలుడు జరిగినప్పుడు ఆసుపత్రివాళ్లు పిలిస్తే వెళ్లి మొగుడి శవాన్ని గుర్తుపట్టింది, చూపించినచోట సంతకం చేసింది, ఇంటికొచ్చి అన్నం వండింది. ఏడుపు రేపు వస్తుందిలే అనుకుంది. మూడేళ్లు దాటినా ఆ రేపు రాలేదు. కోపమూ రాలేదు, భయమూ రాలేదు. డ్యూటీకి మాత్రం ఒక్కరోజు కూడా ఆలస్యంగా వెళ్లలేదు.

బయటికొచ్చాక కానిస్టేబులు నీళ్ల సీసా మూత తీసి ఓదెత్ నోటి దగ్గర పెట్టబోయింది. ఆమె తల పక్కకు తిప్పుకుంది.

"ఇంకా గంట కొట్టలేదమ్మా. ఒక్కపొద్దు."

"ఎండలో ఇంతసేపు నడిచారు. గుక్కెడు నీళ్లకేమవుతుంది?"

"నలభై రోజుల తపస్సు కాలం. మధ్యాహ్నం గంట వినేదాకా పచ్చి మంచినీళ్లు ముట్టను. జైల్లోనూ ముట్టలేదు." ఓదెత్ సౌసన్ పొడిబారిన పెదవులు చూసింది. "నీకు రంజాన్ రోజా కదూ తల్లీ? నీది పొద్దుగూకేదాకా. నాదే నయం."

"బాగుంది వరస! పోలీసుకు ఉపవాసం, ఖైదీకి ఉపవాసం. మధ్యలో తిండి తినే పాపిని నేనొక్కణ్ణి," అన్నాడు మేజర్, ఇంకో గింజ నోట్లో వేసుకుంటూ.

ఐదోది వెలుగుమాత చర్చి. సందు చివర చిన్న రాతి కట్టడం. గుమ్మంలో ఉస్తాజ్ మిలాద్ తాళాల గుత్తితో నిలబడి ఉన్నాడు. లాయరు, అందుకే అందరూ ఉస్తాజ్ అంటారు. చర్చి ఆస్తుల కమిటీకి పెద్ద. అరవై దాటినా నిటారుగా ఉన్నాడు, నల్ల కోటు మీద మడత లేదు.

"మదామ్ ఓదెత్! ఎంత చిక్కిపోయారు," అని ఆమె చేతులు రెండూ బేడీలతో సహా పట్టుకున్నాడు. తర్వాత మేజర్ వైపు తిరిగాడు. "చనిపోయినాయన చోట ఎవరో ఒకరు నిలబడాలటగా. నేను నిలబడతాను. పోలీసుల్ని చూస్తే ఈవిడ బెదురుతుంది. నాకు ముప్పై ఏళ్లుగా పరిచయం."

"మీలాంటి పెద్దమనుషులు సాయపడితే మా పని సులువే ఉస్తాజ్," అన్నాడు మేజర్.

సౌసన్ ముందు తనొక్కతే పైకి వెళ్లింది. చర్చి వెనక గోడవార మెలికల మెట్లు. మెట్లు ముగిసేచోట ఇనుప కటకటాల తలుపు, లోపలివైపు గడియ. అవతల పాటల మేడ. నలుగురు పట్టేంత చోటు, మోకాలు దాటని పిట్టగోడ. గోడకు వెలుగుమాత పటం. పిట్టగోడ దగ్గర నిలబడితే కింది బల్లలన్నీ కనబడ్డాయి. రెండడుగులు వెనక్కు వేస్తే ఏమీ కనబడలేదు. అంటే కిందివాళ్లకు కూడా, అంచుకొచ్చిన మనిషి తప్ప వెనకున్న మనిషి కనబడడు.

కిందికి దిగి మిలాద్‌ని అడిగింది. "ఆ కటకటాలెందుకు?"

"పేలుడు తర్వాత పెట్టించాం. అప్పట్లో దొంగలెక్కువయ్యారు. పటాన్ని కూడా బాగుచేయించి పైకి చేర్చాం. ఆ పనులన్నీ నేనే చూశాను."

"నిరుడు ఆ రోజు మీరెక్కడున్నారు?"

"ఫైల్లో ఉందిగా." మిలాద్ విసుక్కోలేదు. "పదకొండున్నర దాకా ఇక్కడే, నా గదిలో. వెనక గుమ్మంలోంచి బయల్దేరి నేరుగా భూముల రిజిస్ట్రీ ఆఫీసుకు వెళ్లాను. ముప్పావు గంట పట్టింది. పన్నెండుంపావుకు అక్కడ నా కాగితం మీద ముద్ర వేశారు. పని చూసుకుని తిరిగొచ్చేసరికి ఈవిడ శవం తల ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. పోలీసులకు ఫోన్ చేసింది నేనే."

"మీరు బయల్దేరినప్పుడు ఫాస్తో?"

"పైన ఒక్కడే ఉన్నాడు. దణ్ణం పెట్టుకుంటున్నట్టుంది. పలకరించలేదు."

"బతికే ఉన్నాడు."

"నా కళ్లతో చూశాను."

మేజర్ ఫైలు బల్ల మీద కొట్టాడు. "విన్నావుగా! ఇప్పుడు ఈవిడ చెప్పింది చూడు. పన్నెండు గంటలు కొట్టగానే తినడానికి వెళ్లిందట, అరగంటకు వచ్చిందట. ఎదురు కొట్టు కెమెరా ఏమంటోంది? పదకొండూ ఏడుకు బయటికెళ్లింది, పదకొండూ ముప్పై నాలుగుకు లోపలికొచ్చింది. పన్నెండు తర్వాత ఆ గుమ్మంలో పిల్లి కూడా కదల్లేదు. డాక్టరు పదకొండుకూ పన్నెండున్నరకూ మధ్య చావంటున్నాడు. పన్నెండింటికి చర్చిలో పెద్దాయన, ఈవిడ. ఇద్దరే. మూడో మనిషి లేడు. లెక్క సరిపోలా?"

"సరిపోయింది," అంది సౌసన్. నిజంగానే సరిపోయింది. సరిపోయినందుకు బాధపడాలనిపించింది గానీ బాధ ఎక్కడా తగల్లేదు.

"ఇంకేం? కానివ్వండి. అందరూ కిందే ఉండాలి. పైన వాళ్లిద్దరే. అప్పుడెలా జరిగిందో అలాగే జరగాలి," అని మేజర్ కానిస్టేబులుకు సైగ చేశాడు. ఆమె బేడీలు తీసింది. ఓదెత్ మణికట్లు రుద్దుకోను కూడా రుద్దుకోలేదు.

అప్పుడే గంట మోగింది. ఓదెత్ నిలబడినచోటే సిలువ గుర్తు వేసుకుని, పెదవులు కదిలించి, గంట ఆగేదాకా ఆగింది. తర్వాత కానిస్టేబులు చేతిలోని సీసా తీసుకుని సగం పైన తాగేసింది. "ఆకలి వేస్తే మధ్యలో ఆపుదాం మదామ్," అంటూ మిలాద్ ఆమె మోచెయ్యి పట్టుకుని మెట్ల వైపు తీసుకెళ్లాడు.

సౌసన్ బల్ల మీద కూర్చుని ఫైలు తిప్పసాగింది. వేరే పనేం లేదు. కెమెరా తీసిన బొమ్మ తగిలింది. పదకొండూ ఏడు. సందు మలుపులో ఓదెత్. చేతిలో కాగితం చుట్టిన, జాతర్ అనే ఆకుపొడి చల్లిన రొట్టె. బుగ్గ ఉబ్బి ఉంది. రొట్టెకు ఒక కొరుకు తగ్గింది.

పేజీ తిప్పబోయి ఆగింది. మళ్లీ చూసింది.

"మేజర్ గారూ, ఈవిడ రొట్టె తింటోంది."

"తినదా మరి? మనిషేగా."

"పదకొండూ ఏడుకు."

"అయితే?"

"బేడీలేసి ఎండలో నడిపిస్తే, గంట కొట్టలేదని గుక్కెడు నీళ్లు కూడా తాగని మనిషి. ఏడాది జైల్లో కూడా ఒక్కపొద్దు వదలని మనిషి. పదకొండింటికి నడివీధిలో రొట్టె తింటుందా?"

"ఆకలేసి ఉంటుందిలేవమ్మా! ఎవరూ చూడట్లేదని తినేసి ఉంటుంది. నువ్వు రోజాలో ఎప్పుడూ దొంగతనంగా తినలేదా?"

"సందు మలుపులో తినలేదు." సౌసన్ బొమ్మ మీద వేలు పెట్టింది. "ఈవిడ గంట విన్నాకే తింది. గంట కొట్టేసరికి ఈ కెమెరాలో పదకొండయింది. అంతే."

"గంటేమన్నా పదకొండింటికి కొడతారా? మతి పోయిందా?"

"నిరుడు మార్చి చివరి సోమవారం మీ ఇంట్లో గడియారం ఎంత చూపించింది?"

మేజర్ చేతిలోని గింజలు మళ్లీ జేబులో వేసుకున్నాడు.

ఆ వారం బేరూత్‌లో రెండు కాలాలు నడిచాయి. ఏటా ఎండాకాలం రాగానే ఊళ్లో గడియారాలన్నీ గంట ముందుకు జరపడం ఆనవాయితీ; ఆ ఏడు రంజాన్ అయ్యేదాకా జరపొద్దంది ప్రభుత్వం. జరిపి తీరతామన్నాయి చర్చీలు. జరిపేశాయి. ఒకే మేడలో కింది వాటా ఒక గంటలో, పై వాటా ఇంకో గంటలో బతికింది. పిల్లలు ఒక టైముకు బడికెళితే తండ్రులు ఇంకో టైముకు ఆఫీసుకెళ్లారు. సౌసన్ వీధిలో ఒక పెళ్లికి సగం మంది తంతు ముగిశాక వచ్చారు. బుధవారం అర్ధరాత్రికి ప్రభుత్వమే దిగొచ్చి గడియారాలు కలిపింది. ఆ తర్వాత మీదపడిన కష్టాల్లో నాలుగు రోజుల ఆ పిచ్చిని ఊరంతా మర్చిపోయింది. ఈ ఊరికి మర్చిపోవడం బాగా అలవాటు.

"మా ఆవిడ జరిపింది. ఆఫీసు జరపలేదు. ఆ నాలుగు రోజులూ ఇంటికెళ్తే తిట్లు, ఆఫీసుకెళ్తే తిట్లు," అన్నాడు మేజర్. గొంతు తగ్గింది.

"ఈవిడ మాట మీరు రాసుకున్నది శుక్రవారం. అప్పటికి గడియారాలు కలిసిపోయాయి. పన్నెండని ఈవిడ చెబితే పన్నెండని రాసుకున్నారు. ఏ పన్నెండని అడగలేదు."

"ఎవరికి గుర్తుంటుందమ్మా ఆ గోల! నా మీద రుద్దుతావా?"

"రుద్దడం కాదు, వినండి. కొట్టు కెమెరా సర్కారు గడియారం. ఈవిడది చర్చి గడియారం. ఈవిడ చెప్పిన పన్నెండు, కెమెరాలో పదకొండు. గంట కొట్టాక వెళ్లింది, అరగంటకు వచ్చింది. ఒక్క ముక్క అబద్ధం లేదు. వచ్చేసరికే ఆయన చచ్చి ఉన్నాడు. మిలాద్ ఫోన్ చేసేదాకా శవం దగ్గర గంటకు పైగా కూర్చుంది. ఎంతసేపు కూర్చుందో ఆవిడకే తెలీదు."

ఆ చివరి మాట అంటూ సౌసన్ ఫైలు మూసి, మళ్లీ తెరిచింది. ఎందుకో ఆమెకే అర్థం కాలేదు.

పై నుంచి ఓదెత్ మాటలు వినబడుతున్నాయి. ఖాళీ చర్చిలో చీమ చిటుక్కుమన్నా వినబడుతుంది. ఆమె మళ్లీ గైడయిపోయింది. "వెలుగుమాత పటం. ఫాస్తో గారి తాత ఊరు వదిలేముందు ఇచ్చి వెళ్లింది ఇదే. దీని ముందే ఆయన చాలాసేపు నిలబడ్డారు…"

"సరే, ఈవిడ తోయలేదు. మరెవరు తోశారు? దెయ్యమా?" అన్నాడు మేజర్.

"రిజిస్ట్రీ ఆఫీసు ఎవరి గడియారం?" అని సౌసన్ గుసగుసగా అడిగింది.

"సర్కారుదే."

"ముద్ర పడింది పన్నెండుంపావుకు. ముప్పావు గంట దారి. అంటే మిలాద్ బయల్దేరిన పదకొండున్నర కూడా సర్కారు గడియారమే. ఈవిడ బయట ఉన్నది పదకొండూ ఏడు నుంచి ముప్పై నాలుగు దాకా." సౌసన్ లేచి నిలబడింది. "ఈవిడ లేనంతసేపూ చర్చిలో ఉన్నది ఆయనొక్కడే. ఈవిడ రావడానికి నాలుగు నిమిషాల ముందు ఫాస్తో బతికున్నాడని చెప్పింది కూడా ఆయనొక్కడే. పాపం, టైముల్లో అబద్ధం చెప్పే పని కూడా పడలేదు ఆయనకు. మన గడియారాలే చెప్పి పెట్టాయి."

"ఉస్తాజ్ మిలాదా? ఎందుకు?"

జవాబు పై నుంచి వచ్చింది.

"…పటం మీద వేలు పెట్టి చూశారు. 'మదామ్, నూరేళ్ల నాటి రంగు వేలికి అంటుకుంటుందా?' అన్నారు. నాకేం చెప్పాలో తోచలేదు. ఇంతలో గంట కొట్టింది. మీరు తిని రండి, నేను దీన్ని సరిగ్గా చూస్తాను అన్నారు."

మిలాద్ గొంతు మెత్తగా వినబడింది. "ఈ సంగతి పోలీసులకు చెప్పారా మదామ్?"

"ఎవరూ అడగలేదు ఉస్తాజ్. ఎన్నింటికి, ఎన్నింటికి అని అడిగారంతే."

ఆ తర్వాత ఇనుప గడియ పడిన చప్పుడు.

సౌసన్ పరుగెత్తింది. మెలికల మెట్ల మీద భుజం రాతికి కొట్టుకుంది. సగం దూరంలో ఉండగానే మిలాద్ అరుపు చర్చంతా మోగింది.

"మేజర్! ఆవిడ దూకేస్తోంది! నా వల్ల కావట్లేదు, ఎవరైనా రండి!"

సౌసన్ కటకటాలకు గుద్దుకుని ఆగింది. ఊచల్లోంచి చూసింది. ఓదెత్ దూకడం లేదు. మిలాద్ ఆమె రెండు చేతులూ వెనక్కి విరిచి పట్టుకుని పిట్టగోడ వైపు నడిపిస్తున్నాడు. ఆమె నడుస్తోంది. అదీ ఘోరం. ఏడాదిగా ఎవరెటు నడిపిస్తే అటు నడిచినట్టే, పెనుగులాడకుండా, కాళ్లు చూసుకుంటూ నడుస్తోంది.

సౌసన్ ఊచల్లోంచి చెయ్యి దూర్చింది. గడియకు తాళం వేసి ఉంది. గుత్తి అతని జేబులో ఉంది. భయం. మూడేళ్ల తర్వాత వచ్చిన భయం, ముఖం మీద చన్నీళ్లు కొట్టినట్టు వచ్చింది.

"ఓదెత్! ఇటు చూడండి! మీరు ఆయన్ని వదిలేయలేదు. వదిలేసినందుకు పోలేదాయన. వీడు చంపాడు. వింటున్నారా? అసలు పటం మార్చేసిన గుట్టు బయటపడుతుందని, మీరు రొట్టె తింటున్నప్పుడు వీడు చంపాడు!"

మిలాద్ ఒక్క క్షణం తల తిప్పి చూశాడు. ఓదెత్ కూడా తిప్పింది. సౌసన్‌ని కాదు, మిలాద్‌ని చూసింది. ఏడాదిలో మొదటిసారి ఒక మనిషి ముఖాన్ని పూర్తిగా చూసింది. అడుగు ఆగిపోయింది. పిట్టగోడకు జానెడు దూరంలో, చిక్కినా బరువైన ఆ మనిషి ధన్‌మని నేల మీద కూలబడింది. మిలాద్ లాగాడు. కదల్లేదు.

"లేవండి మదామ్," అన్నాడు పళ్లు బిగించి, ఇంకా మర్యాదగానే. ఏదో ఆయుధం తీయబోతున్నట్టు కోటు లోపలికి చెయ్యి పోనిచ్చాడు.

కింద మేజర్ బూట్లు మెట్ల వైపు పరుగెడుతున్నాయి. ఓదెత్ తల పైకెత్తి, మైకు లేకుండా ముప్పై ఏళ్లు చర్చీలు నింపిన గొంతుతో, బలిపీఠం దాకా వినబడేలా అరిచింది.

"నేను దూకడం లేదు! నాకు బతకాలనుంది!"